అతుకు తెలియని జోల

అనురణి కోనలో కొత్త కోడలి మొదటి తప్పు వంటింట్లోనే జరుగుతుందంటారు. సూరమ చేసిన తప్పు చాలాకాలం వీధి తలుపు గాలికి కొట్టుకోకుండా అడ్డంగా పడి ఉండేది. ఐదు వేళ్ల గుర్తులున్న బూడిదరంగు రాయి. ఒకప్పుడు అది రొట్టెల పిండి.

పెళ్లై వచ్చిన మొదటి వారం, పొద్దున్నే పిండి కలుపుతోంది. ఆ కోనలో పిండి కలపడం సగం చేతుల పని, సగం గొంతు పని. సన్నగా రాగం తీస్తూ కలిపితే పిండి వెన్నలా లొంగుతుంది, రొట్టె పెనం మీద చెప్పినట్టు పొంగుతుంది. ఒకటే కట్టుబాటు: ఆఖరి పాదం పాడకూడదు. చివరిదాకా పాడింది ఏదైనా ఎలా ఉన్నది అలా నిలిచిపోతుంది. అందుకే గోడపాట, గట్టుపాట, వంతెనపాట పూర్తిగా పాడతారు. పిండిపాట, నాటుపాట, జోలపాట ఆఖరి పాదం ముందే వదిలేస్తారు. పెరగవలసినదాని దగ్గర పాట ముగించడమంటే దాన్ని అక్కడితో కట్టిపడేయడమే. కోనలో ఈ సంగతి తెలియని మనిషి లేడు.

సూరమకూ తెలుసు. కానీ ఆ పొద్దున భర్త మల్హణ తలంటుకుని, జుట్టు తుడుచుకోకుండానే వచ్చి గుమ్మానికి చేరగిలబడి ఆమెనే చూస్తున్నాడు. చెవి వెనక నుంచి ఒక నీటిబొట్టు అతని మెడ మీదకి జారుతోంది. ఆ బొట్టు ఎక్కడ ఆగుతుందా అని చూస్తూ సూరమ ఆఖరి పాదం కూడా పాడేసింది. వేళ్ల కింద పిండి చల్లబడింది. చెయ్యి లాక్కునేసరికి ముద్దంతా రాయి.

తోడికోడలు మైలమ పనిలోకి వెళ్లబోతూ ఆగి, వేలి కణుపులతో ఆ రాతిని తట్టి చూసింది. ఆమె ఏటి మీద వంతెన కట్టే పాటగత్తె. రాయి మంచిచెడ్డలు చెవితోనే తెలుసుకుంటుంది.

"మంచి రాయి పడింది చెల్లీ," అంది. "రేపట్నుంచి నాతో వంతెన పనికి వచ్చెయ్. రొట్టెల సంగతి మా మరిది చూసుకుంటాడు. గుమ్మం పట్టుకు వేలాడ్డం తప్ప వేరే పనేముంది అతగాడికి."

పెరట్లో కొత్త దంపతుల గది లేస్తోంది. ఆ గదిని కూలివాళ్లు పాడరు. ఆ ఇద్దరే సాయంత్రాలు కూర్చుని జంటగా పాడుకోవాలి, రెండు గొంతులూ కలిసిన చోటే గోడ లేస్తుంది. మల్హణ శ్రుతి తప్పినప్పుడల్లా గోడ కాస్త పొట్ట వేసుకునేది. ఆ పొట్టల్ని నిమిరి సూరమ నవ్వుకునేది. మూడు గోడలు పూర్తయ్యాయి. నాలుగోదానికి తొందరేముందిలే అనుకున్నారు. ఆ వైపు నుంచి వెన్నెల తిన్నగా మంచం మీదకి వచ్చేది, దాని వెంట పక్కింటి జాజుల వాసన కూడా.

అదే ఇంటి ముందు గదిలో మైలమకు రాత్రులు గడిచేవి కావు. ఆమె భర్త బేతన, మల్హణకు అన్న, కిందటి వరదల్లో పోయాడు. వంతెన నడిమి కమాను పాడుతూ ఉండగా ఆఖరి పాదం ముందు దగ్గు వచ్చింది. పాట తెగింది. పాటతో పాటే రాయి పగిలింది. కింద ఏరు నిండుగా ఉంది. కూతురు కుందమ అప్పటికి మైలమ కడుపులో ఉంది, ఇప్పుడు దానికి ఏడో నెల. భర్త వదిలిన కమాను దగ్గర్నుంచే మైలమ పని ఎత్తుకుంది.

అనురణిలో పసిపిల్లలకు నిద్ర దానంతట అది రాదు, పాడి పిలవాలి. పగలంతా ఏటిగాలిలో గొంతు అరగదీసుకున్న మైలమ రాత్రి జోల ఎత్తుకుంటే మూడో మాటకే జీర వచ్చేది. కుందమ కళ్లు విప్పార్చుకుని తల్లి నోటివైపే చూస్తూ ఉండేది. కొన్ని రాత్రులు సూరమ పాడింది. కానీ ఆ వీధి నిండా వంతెన పనికి వెళ్లే తల్లులే. గొంతు చెడితే కమాను మీద ఏమవుతుందో అందరూ చూశారు. పాడకపోతే పిల్లలు పడుకోరు.

అందుకే మల్హణ పాటకుండ చేశాడు.

పాత కుమ్మరి ఆవం పక్కన అతని పరిశోధనశాల. పేరు ధ్వనిశాల, చూడ్డానికి కుండల కొట్టు. గొంతు ముందర పచ్చిమట్టి పట్టీని నిదానంగా జరుపుకుంటూ పోతే దాని మీద సన్నని గీతలు పడతాయని అతను కనిపెట్టాడు. ఆ మట్టిని కాల్చి, గీతల మీద నెమలి ఈక మొనను నడిపిస్తే మట్టి తిరిగి పాడుతుంది. పాడటమే కాదు, పని చేస్తుంది కూడా. సూరమ పిండిపాట పట్టిన పట్టీని పిండి పక్కన పెట్టి నడిపిస్తే, ఎవరూ చెయ్యి పెట్టకుండానే పిండి సాగింది. ఆ పిండితో ఇద్దరూ అక్కడే, ఆవం సెగ మీదే రొట్టెలు కాల్చుకుని, నాలుకలు చుర్రుమంటున్నా ఆగకుండా తిన్నారు. ఆ రోజంత రుచిగల రొట్టె తన జన్మలో తినలేదని సూరమ చాలాకాలం చెప్పుకుంది.

జోలపాటకు ఒక చిక్కు వచ్చింది. రాత్రంతా పాడాలంటే పట్టీ రెండు కొసలనూ అతికించి కడియంలా చుట్టాలి. సూరమ కట్టుబాటు ప్రకారమే పాడింది.

కొండ కునికే వేళ కుందమ్మా జో
వాగు అలిసే వేళ కుందమ్మా జో
చుక్క తొంగే వేళ కుందమ్మా జో

నాలుగో పాదం పాడలేదు. పాడలేదని ఇద్దరూ ఒకటికి రెండుసార్లు సరిచూసుకున్నారు. ఆ జాగ్రత్తకు కాస్త గర్వపడ్డారు కూడా. కడియాన్ని నీటిచుక్కల బరువుకు తిరిగేలా కుండలో అమర్చి ఊయల కింద పెడితే అతుకు వచ్చినప్పుడల్లా ఈక మొన ఎగిరి 'టక్' మనేది. ఆ టక్కుకి కుందమ కళ్లు మూయబోతూ తెరిచేది. ఎవరో తనతో ఆడుతున్నారనుకుని బోసినోటితో నవ్వేది. మళ్లీ టక్, మళ్లీ నవ్వు. మల్హణ ఊయల అంచు పట్టుకుని తనూ నవ్వాడు కానీ, నవ్వించే కుండ వల్ల మైలమకు ఒరిగేదేముంది?

అతను కొత్త కడియం చేశాడు. ఈసారి అతుకు దగ్గర బొటనవేలు నీళ్లలో ముంచి, పచ్చిమట్టి మీద అటూ ఇటూ రాస్తూ నున్నగా దిద్దాడు. వినడం, మళ్లీ తడపడం, మళ్లీ దిద్దడం. సాయంత్రానికి మూడో పాదం తోక మొదటి పాదంలోకి చప్పుడు లేకుండా జారిపోయింది. సూరమ కళ్లు మూసుకుని వింది. పాట ఎక్కడ తిరిగి మొదలవుతోందో పాడిన తనకే తెలియడం లేదంది. మట్టి కొట్టుకున్న ఆ బొటనవేలిని ముద్దు పెట్టుకుంది.

ఆ రాత్రి కుందమ మొదటి చుట్టు పూర్తయ్యేలోపే పడుకుంది. మైలమ గోడకి చేరబడి కూర్చున్నది కూర్చున్నట్టే నిద్రపోయింది. పొద్దున వంటింట్లోకి వచ్చి, గంటలాంటి గొంతుతో ఏమీ అవసరం లేకపోయినా ఎసరు మీద రాగం తీసింది. మూత గిన్నె మీద తాళం వేసింది. "మీ ఆయన్ని కాస్త గుమ్మానికి వేలాడనియ్యి చెల్లీ, పనికొచ్చే మనిషే," అంది.

వీధంతా పాటకుండలు అడిగింది. పేరు లేని జోల దారి తప్పుతుంది కనుక ఎవరి కుండకు వాళ్ల పిల్ల పేరు పెట్టి పాడాలి. సూరమకు అన్నిటికంటే ఇష్టమైన పని అదే. ఇంటింటికీ వెళ్లి, ఇంట్లో ఏమని పిలుస్తారో అడిగి, ఆ ముద్దుపేరును నోట్లో బెల్లంముక్కలా చప్పరించి పాడేది. గుండన, సబ్బి, కామసాని, మారన, అన్నెమ. ఇరవైకి పైగా కుండలు. అన్నిటికీ మల్హణ బొటనవేలి నునుపు.

వానలు వెళ్లాయి. చలి వచ్చింది.

ప్రతి అమావాస్యకూ పిల్లల మొలతాడు ఒక ముడి వదులు చేయడం ఆ కోన ఆనవాయితీ. ఒక అమావాస్య మైలమ ముడి విప్పబోయి, ఇంకా బిగుతు కాలేదని వదిలేసింది. తర్వాతి అమావాస్యకూ అంతే. చిగురు కింద బియ్యపుగింజలా తెల్లగా కనిపిస్తున్న పన్ను కనిపిస్తూనే ఉంది, బయటికి రాలేదు. మాడు మాత్రం అప్పుడే పూడిపోయిందని, కట్టడం పనివాళ్ల పిల్ల గట్టిగానే ఉంటుందని మైలమ వీధిలో చెప్పుకుని మురిసింది.

ఆ మధ్యాహ్నం మైలమ పనిలో ఉంటే సూరమ పిల్లకు నలుగు పెట్టి, మాడు మీద ఆముదం అద్దింది. పసిపిల్ల మాడు వేలి కింద పిచ్చుక గుండెలా కొట్టుకోవాలి. కుందమ మాడు కొట్టుకోవడం లేదు. పూడినట్టు కూడా లేదు. పల్లం పల్లంగానే ఉండి, నూనె రాసిన గోడలా కదలకుండా ఉంది. పిల్ల సూరమ వైపు చూసి నవ్వింది. నెలల నుంచీ నవ్వుతున్న నవ్వే. నవ్వు చివర ఎడమచెయ్యి ఎత్తి చెవి పట్టుకోవడం కూడా అలాగే. గోళ్లు కత్తిరిద్దామని చూస్తే కత్తిరించేంత లేవు. తను ఆఖరుసారి వాటిని ఎప్పుడు కత్తిరించిందో వెంటనే గుర్తు రాలేదు. వానల్లో.

పిల్లను చంకనేసుకుని ఎదురింటికి పరుగెత్తింది. గుండన మాడు పట్టుకుని చూసింది. పక్కింట్లో సబ్బి. ఆ పై ఇంట్లో మారన. తల్లులు నవ్వుతూ ఏమిటమ్మా అని అడిగితే, ఏం లేదని చెప్పి వచ్చేసింది. ఇంటి గుమ్మంలో కాలికి రాయి తగిలింది. తన వేళ్ల గుర్తులున్న రాయి. వంగి ముట్టుకుంది. ఇందాకటి నుంచీ వేలి కొసన అంటుకుని ఉన్న చలవ ఇదే.

ఊయల కింది కుండను తీసి, కడియాన్ని చేత్తో తిప్పుతూ అతుకు దగ్గర చెవి పెట్టింది. చుక్క తొంగే వేళ కుందమ్మా జో. ఆ 'జో' తను పాడినప్పుడు గాలిలో నిలిచి ఉన్న జో. మట్టిలో అది నిలవలేదు. బొటనవేలు నునుపు చేసిన చోట స్వరం మెల్లగా దిగి, కొట్టం చేరిన ఎద్దులా ఆధారశ్రుతి మీద పడుకుంది. ఆ తర్వాతే మళ్లీ కొండ కునికింది. నాలుగో పాదంలో మాటలు లేవు, కానీ నాలుగో పాదం చేసే పని మొత్తం అక్కడ జరిగింది. రాత్రికి వందసార్లు పాట ముగిసింది. రోజూ.

మల్హణ మొదట ఒప్పుకోలేదు. ఆఖరి పాదం పాడలేదని మనిద్దరికీ తెలుసు కదా అన్నాడు. సూరమ అతని బొటనవేలిని పట్టుకుని అతుకు మీద పెట్టి కడియం తిప్పింది. అతను విన్నాడు. కాసేపు తన వేలివంకే చూసుకున్నాడు. తర్వాత కడియాన్ని పైకెత్తి నేలకేసి కొట్టబోయాడు.

పని నుంచి అప్పుడే వచ్చిన మైలమ గుమ్మంలో నిలబడి అంతా విన్నది. ఒక్క అంగలో వచ్చి అతని మణికట్టు పట్టుకుంది.

"కట్టిన పాట పగలగొడితే ఏమవుతుందో మీ అన్నని అడుగు," అంది.

మల్హణ చేతులు దించాడు. కడియాన్ని పసిపిల్లను దించినట్టు చాప మీద దించాడు.

మైలమ ఏడవలేదు. పనివాళ్ల పద్ధతిలో మాట్లాడింది. కట్టేసిన గోడలో కిటికీ కావాలంటే గోడను పగలగొట్టరు. దాన్ని పాడిన గొంతే వచ్చి, ముగింపు దాటి ఇంకో పాదం కొసరు పాడాలి. ఆ పాదం నడిచినంతసేపు రాయి మెత్తబడుతుంది. ఆపితే బిగుస్తుంది. వేరే గొంతుకి కదలదు.

ముందు పిండిరాయి మీద చూశారు. సూరమ దాని పక్కన కూలబడి నోటికి వచ్చిన పాదం అందుకుంది. బూడిదరంగు పోయి రాయి తెల్లబడింది. మల్హణ వేలు పెడితే పిండిలోకి దిగింది. సూరమ ఊపిరి తీసుకోవడానికి ఆగగానే అతను వేలు లాక్కున్నాడు, వేలు దిగిన చోట గుంట రాయిలో అలాగే ఉండిపోయింది. అతని కళ్లలో ఆశ వెలిగింది. కొసరు పాదాన్ని కూడా మట్టిలో పట్టి, ఈసారి టక్కు ఉంచేసి, కుండతో పాడిద్దామన్నాడు. తెల్లవార్లూ కూర్చుని చేశాడు. రాయి కదలలేదు. ఒకసారి పాడిన కొసరు ఆ రాయికి అప్పుడే పాతబడిపోయింది. సూరమ అదే పాదాన్ని నోటితో మళ్లీ పాడి చూసింది. ఊహూ. మాట మార్చి కొత్తగా పాడితే తప్ప ముందుకు జరగదు. కొత్త పాదం కల్పించడం మట్టికి రాదు.

ఇక కుందమ. సూరమ దాన్ని ఒళ్లో వేసుకుని పాడింది.

నిద్ర లేచే వేళ కుందమ్మా రా

మాడు మీద వేలు ఉంచిన మైలమ ముందుకు వంగింది. "కొట్టుకుంటోంది చెల్లీ. ఆపకు. ఆపకు."

సూరమ ఆపలేదు. బొరుగులు ఏరే వేళ కుందమ్మా రా. కప్ప దూకే వేళ కుందమ్మా రా. తను జీవితంలో చూసి సంతోషపడిన ప్రతి చిన్న వస్తువునూ బయటికి తీసి పాదం చేసింది. పెసరట్టు అంచు కరకర, కొత్త గాజుల సందడి, ఎండలో ఆరేసిన చీర కింద నడవడం. ఊపిరి పీల్చిన ప్రతిసారీ మాడు ఆగేది. మళ్లీ ఎత్తుకుంటే మళ్లీ కొట్టుకునేది. సందేహం లేదు. సూరమ పాడినంతసేపే కుందమ పెరుగుతుంది, మరొక్క క్షణం ఎక్కువ కాదు.

మైలమ వీధి తలుపు గడియ పెట్టింది.

కొన్ని రోజులు అలా గడిచాయి. పొద్దున నుంచి చీకటి పడేదాకా సూరమ పాడేది, మైలమ వేడినీళ్లు, తేనె అందించేది. వంతెన పనికి వెళ్లడం మానేసింది. ఒకరోజు కుందమ గోళ్లు తెల్లగా అంచు కట్టాయి. చిగురు కింది బియ్యపుగింజ పైకి ఉబ్బి ఎర్రబడింది. పిల్ల చిరాకుపడి, ఎన్నడూ లేనట్టు తల్లి భుజాన్ని కొరికింది. మైలమ ఆ భుజాన్ని చూసుకుంటూ చాలాసేపు కూర్చుంది.

సంగతి వీధికి తెలియకుండా ఎలా ఉంటుంది? మల్హణే ఇంటింటికీ వెళ్లి కుండలు ఆపించాడు. ఎందుకో కూడా చెప్పాడు. గుండన తండ్రి అతన్ని కొట్టాడు, అతను చెయ్యి అడ్డం పెట్టుకోలేదు. తల్లులు పిల్లల్ని ఒళ్లో పెట్టుకుని సూరమ ఇంటి అరుగు మీద వచ్చి కూర్చున్నారు. తిట్టలేదు, తలుపు బాదలేదు. లోపలి నుంచి వచ్చే పాటలో ఒక్క పేరే వినిపిస్తుంటే అది వింటూ కూర్చున్నారు. అరుగు మీద అంతమంది పసిపిల్లలున్నా, అందరూ ఒక్కలాగే, నిన్నటిలాగే నవ్వుతున్నారు.

మూడోనాటి సాయంత్రం పాదానికీ పాదానికీ మధ్య సందులో తలుపు అవతల నుంచి ఒక గొంతు వినబడింది. గుండన తల్లి.

"అమ్మా సూరమ్మా, మావాడి పేరు గుండన. గుర్తుంది కదూ."

సూరమ నోరు తెరిచింది. పాదం రాలేదు. ఆమె లేవబోతే మైలమ ముందుకు వచ్చి మోకాళ్ల మీద కూర్చుని ఆమె చీర కుచ్చెళ్లు పట్టుకుంది.

"నువ్వు దీనికొక్కదానికే పాడితే ఇది అందరు ఆడపిల్లల్లా పెరుగుతుంది చెల్లీ. పెళ్లి చేసుకుంటుంది, నీలా పిండి పాడుచేస్తుంది. ఇరవై మందికి పంచావనుకో, ఎవరికీ ఏమీ మిగలదు. రోజుకి ఇన్ని పేర్లు తిరిగి తిరిగి దీని దగ్గరకి వచ్చేసరికి... నేను పోయేలోగా ఇది నన్ను అమ్మా అంటుందా? చెప్పు. నీ బావగారు పోయాక నాకు మిగిలింది ఇదొక్కటే."

ఆమె లెక్కలో తప్పు లేదని సూరమకు తెలుసు. అందరినీ ఒకచోట పెట్టి 'పిల్లలందరూ రండి' అని పాడితే సరిపోతుందేమోనని ముందురోజే మల్హణ పెరటి దారిన ఇద్దరు పిల్లల్ని తెచ్చి ఆమె చేత పాడించి చూశాడు. ఒక్క మాడూ కొట్టుకోలేదు. ఏ పేరు పెట్టి కట్టారో ఆ పేరు నోట్లో ఉన్నంతసేపే ఆ పిల్లకు కాలం నడుస్తుంది. ప్రతి పేరునూ అంత ముద్దు చేసి పాడకుండా ఉంటే బాగుండేదని సూరమకు అనిపించింది. ఆ రోజుల్లో తను ఎంత సంతోషంగా ఉందో గుర్తొచ్చింది.

"అక్కా," అంది. గొంతు గరుకుగా ఉంది. "ఆ పేర్లన్నీ నేను చప్పరించి పాడినవే. ఏది మర్చిపోమంటావో నువ్వే చెప్పు. చెబితే మర్చిపోతాను."

మైలమ ఆమె మొహంలోకి చూసింది. ఏదో ఒక పేరు అనబోయినట్టు పెదవులు కదిలాయి కూడా. తర్వాత కుచ్చెళ్లు వదిలి, వెళ్లి తలుపు గడియ తీసింది.

ధ్వనిశాలలో కుండలన్నీ ఒక మూలకి నెట్టి ఊయలలు కట్టారు. వరస మొదట్లో చోటు ఉంచారు కానీ మైలమ తన ఊయలను తెచ్చి కొసన వేసుకుంది.

అక్కడ ఇంకో సంగతి బయటపడింది. ఒక పేరు వెంట మరో పేరు వచ్చేటప్పుడు, అలసిపోయిన గొంతు దానంతటదే దిగి ఆధారశ్రుతి మీద వాలిపోతోంది. అలా వాలితే ముగింపే, మళ్లీ బిగించినట్టే. వాలకముందే తెంచేవాళ్లు ఒకరు కావాలి. మల్హణ గుమ్మం దగ్గరున్న పిండిరాతిని తెచ్చుకుని సూరమ పక్కన కూర్చున్నాడు. ప్రతి పాదం చివర, స్వరం దిగబోయే ముందు, వెదురుపుల్లతో దాని మీద కొట్టాడు.

టక్.

తను నున్నగా దిద్ది తీసేసిన టక్కును ఇప్పుడు రోజంతా తన చేత్తో తనే వేస్తున్నాడు.

సూరమ మాట్లాడటం మానేసింది. గొంతు మాటలకు ఖర్చు చేసే వస్తువు కాదిప్పుడు. రాత్రి మల్హణ అరచేతిలో వేలితో రాస్తుంది, లేదా ఊరికే ఆ చెయ్యి పట్టుకుంటుంది. ఇంట్లో పిండికి ఎవరూ పాడరు, రొట్టెలు పొంగవు. అయినా రొట్టె అంచు కాస్త కరకరలాడితే ఆ ముక్క తుంచి అతని కంచంలో వేస్తుంది. పెరట్లో గదికి నాలుగో గోడ లేవలేదు. వాన వస్తే మంచాన్ని మూలకి జరుపుకుంటారు. వెన్నెల ఇంకా వస్తూనే ఉంది. అది చూసి ఒక్కోసారి ఆమె నవ్వుతుంది. ఆ నవ్వుకు చప్పుడు ఉండదు. పడుకునే ముందు మర్నాటికి కొత్త పాదాలు పోగేసుకోవాలి. చూసినవన్నీ అయిపోతున్నాయి. అందుకని మల్హణ సాయంత్రాలు ఏటి వెంట నడిచి, రంగు రాయో, పిట్ట ఈకో, తేనెటీగ వాలిన పువ్వో తెచ్చి ఆమె ముందు పెడతాడు. ఒక్కోదానికీ ఒక్కో పాదం, ఒక్కసారికే.

వానలు మళ్లీ వచ్చి వెళ్లాయి. మళ్లీ వచ్చాయి. మైలమ వంతెన పని పూర్తయింది. నడిమి కమాను మీద బళ్లు నడుస్తున్నాయి. గుండన తల్లి కడుపున పుట్టిన రెండోవాడు అన్న ఊయల అంచు పట్టుకుని నిలబడి, తనకంటే చిన్నగా ఉన్న అన్నను ఊపుతున్నాడు.

ఒక మధ్యాహ్నం మైలమ కొసన ఉన్న ఊయల దగ్గర కూర్చుని కుందమకు ఉగ్గు పడుతోంది. సూరమ పేర్ల వరసలో చివరికి వచ్చి కుందమ పేరు అందుకుంది. పిల్ల తల తిప్పింది. ఉగ్గుగిన్నె అంచు నోటికి తగిలి టింగుమంది.

మైలమ గిన్నె దించి, చూపుడువేలు లోపల పెట్టి తడిమింది. మళ్లీ తడిమింది. తల ఎత్తి, వరసకు అటు చివర ఉన్న సూరమను చూసింది. ఆ కళ్లలో ఉన్నదేమిటో అందరికీ అర్థమైంది. తల్లులు ఒకరొకరే తలలు తిప్పారు.

సూరమ నోట్లో 'కుందమ్మా' ఇంకా నడుస్తోంది. ఆ పేరు దగ్గర ఒక్క ఊపిరిసేపు ఆగాలనిపించింది. దాన్ని మళ్లీ బెల్లంముక్కలా చప్పరించాలనిపించింది. కొన్నేళ్లకు వచ్చిన ఒక్క పన్ను. గొంతు ఆ సంతోషంలో మెత్తబడి, తీయగా, మెల్లగా దిగసాగింది. ఇల్లు చేరబోతున్న ఎద్దులా దిగసాగింది.

మల్హణ చెయ్యి లేచింది. అతని కళ్ల నిండా నీళ్లున్నాయి, ఏమీ కనబడటం లేదు. కానీ చెవికి తెలుసు.

టక్.

సూరమ ఊపిరి తీసుకుని, వరస మొదటికి తిరిగి, గుండన పేరు ఎత్తుకుంది.